పై నుంచి చూస్తే అన్నీ కనిపిస్తాయి.. నేల మీద నుంచి?

బల్ల మీది యుద్ధ క్రీడ నేర్పే ‘దృష్టిరేఖ’ పాఠం.. దామగుండం నుంచి ఎస్‌ఎస్‌బీ దాకా

మెహిదీపట్నంలో చేవెళ్ల బస్సెక్కి మొయినాబాద్‌లో దిగండి. అక్కడి నుంచి చిన్న మంగళారం వైపు వెళ్లి, ఏదో ఒక పొలం గట్టు మీద నిలబడండి. ఇప్పుడు ఫోన్‌లో మ్యాప్ తెరవండి. ఊరు, చెరువు, బీజాపూర్ రోడ్డు, చేవెళ్ల, అటు చిలుకూరు.. అన్నీ అరచేతిలో కనిపిస్తాయి. ఫోన్ జేబులో పెట్టి కళ్లతో చూడండి. ఒక వైపు ఫామ్‌హౌస్ ప్రహరీ, ఇంకో వైపు మామిడి తోట, మధ్యలో కొంచెం ఆకాశం. అంతే.

మ్యాప్‌లో కనిపించేదానికీ, కంటికి కనిపించేదానికీ మధ్య ఉన్న ఈ తేడా చిన్నదేం కాదు. యుద్ధాల ఫలితాలు దీని మీద ఆధారపడ్డాయి. రోడ్డు మలుపులో ప్రాణాలు దీని మీద ఆధారపడి ఉంటాయి. మన పక్క జిల్లాలో నౌకాదళం వేల ఎకరాల్లో ఒక కేంద్రం కడుతున్నదంటే దాని వెనకా ఇదే లెక్క ఉంది. ఇంగ్లిష్‌లో లైన్ ఆఫ్ సైట్ అంటారు, మనం దృష్టిరేఖ అందాం. దీన్ని అన్నిటికంటే సులువుగా నేర్పేది పుస్తకం కాదు.. ఒక ఆట.

బల్ల మీద యుద్ధం

టేబుల్‌టాప్ వార్‌గేమ్ అంటే పేరుకు తగ్గట్టే బల్ల మీద ఆడే యుద్ధ క్రీడ. బల్లే రణరంగం. దాని మీద థర్మాకోల్ కొండలు, అట్టపెట్టె ఇళ్లు, చిన్న చిన్న చెట్లు. రెండు పక్షాలకూ అంగుళం, అంగుళంన్నర ఎత్తుండే సైనికుల బొమ్మలు. టేపుతో కొలిచి బొమ్మను జరుపుతారు, పాచికలు వేసి దెబ్బ తగిలిందో లేదో తేలుస్తారు.

దీని చరిత్ర పిల్లలాటతో మొదలవలేదు. 1812లో ప్రష్యాలో రైస్‌విట్జ్ అనే ఆయన రాజు ముందు ఇలాంటి ఆట ప్రదర్శించాడు. 1824లో ఆయన కొడుకు దాన్ని అసలైన భూపటాల మీద ఆడేలా తీర్చిదిద్దాడు. దాని పేరే క్రీగ్‌స్పీల్. ప్రష్యా సైన్యం అధికారుల శిక్షణలో దాన్ని చేర్చుకుంది. 1913లో రచయిత హెచ్.జి.వెల్స్ బొమ్మ సైనికులు, స్ప్రింగ్ ఫిరంగులతో ఆడే ఆటకు నియమాలు రాసి ‘లిటిల్ వార్స్’ పేరుతో పుస్తకం వేశారు. 1980ల్లో బ్రిటన్‌లోని గేమ్స్ వర్క్‌షాప్ సంస్థ ‘వార్‌హామర్’ తెచ్చాక ఇది ప్రపంచమంతటా పెద్ద అభిరుచిగా, వ్యాపారంగా మారింది.

ఈ ఆటల్లో ఎక్కువ గొడవ జరిగేది పాచికల దగ్గర కాదు. ‘నా వాడికి నీ వాడు కనిపిస్తున్నాడా, లేదా’ అన్న దగ్గర. కనిపిస్తేనే కాల్చాలి. కనిపించకపోతే తుపాకీ ఎంత గొప్పదైనా వృథా.

ఎవరి కంటితో చూడాలి?

కనిపిస్తుందో లేదో తేల్చడానికి ప్రధానంగా మూడు పద్ధతులున్నాయి.

మొదటిది, నిజమైన దృష్టిరేఖ. ఆటగాడు వంగి, తల బల్ల మట్టానికి దించి, తన బొమ్మ వెనక నుంచి చూస్తాడు. బొమ్మ కంటికి ఎదుటి బొమ్మ కనిపిస్తే కనిపించినట్టు. ఇక్కడో చిక్కు ఉంది. గోడ పైన ఎదుటివాడి జెండా కొన మాత్రమే కనిపిస్తే? చాలా ఆటల్లో శరీరం కనిపించాలి తప్ప జెండా, ఈటె కొన లెక్కలోకి రావు. సగం శరీరం కనిపిస్తే ‘చాటు’ ఉన్నట్టు లెక్కేసి, దెబ్బ తగిలే అవకాశం తగ్గిస్తారు.

రెండోది, దారం పద్ధతి. పటాన్ని తేనెపట్టులా ఆరు భుజాల గళ్లుగా విభజిస్తారు. ఒక గడి మధ్య నుంచి ఇంకో గడి మధ్యకు దారం లాగుతారు. దారానికి ఇల్లో, అడవో అడ్డొస్తే కనిపించనట్టే. 1977లో వచ్చిన ‘స్క్వాడ్ లీడర్’ ఈ తరహా ఆటల్లో పేరున్నది.

మూడోది, ముందే రాసుకున్న ఎత్తుల పద్ధతి. ఈ అడవి ఎత్తు 2, ఈ కొండ ఎత్తు 3, మనిషి ఎత్తు 1 అని ఆట మొదలవక ముందే అంకెలు ఇచ్చేస్తారు. వంగి చూడక్కర్లేదు, వాదించుకోనక్కర్లేదు.

మూడింటిలో ఏది మంచిదంటే ఒక్క జవాబు లేదు. కానీ అనుభవం ఉన్న ఆటగాళ్లు ఒక్క మాట తప్పకుండా చెబుతారు. ఏ పద్ధతైనా సరే, మొదటి ఎత్తు వేయకముందే ఒప్పందానికి రావాలి. బొమ్మ ప్రమాదంలో పడ్డాక నియమం గురించి మాట్లాడితే అది న్యాయంలా ఉండదు, తప్పించుకోవడంలా ఉంటుంది. పరిపాలనలోనూ ఇంతే. కొలమానం ముందు తేలాలి, వివాదం తర్వాత రావాలి.

ఇంకో సంగతి గమనించండి. ఆటగాడు నిలబడి చూస్తే బల్లంతా కనిపిస్తుంది. శత్రువు ఎక్కడున్నాడో తెలుసు. కానీ గోడ చాటున ఉన్న బొమ్మకు ఏమీ తెలియదు. కొత్తగా ఆడేవారి ఓటమికి ముఖ్య కారణం ఇదే. వాళ్లు తమ కంటితో పథకం వేస్తారు. పథకాన్ని అమలు చేయాల్సిందేమో బొమ్మ.

నిలబెట్టే చోటే సగం బలం

‘ఇవన్నీ విదేశీ ఆటలు, మనకెందుకు’ అనకండి. పులి-మేక ఆట ఎప్పుడైనా ఆడారా? పాత గుళ్ల మండపాల్లో బండల మీద చెక్కిన త్రికోణపు గీతలు చూసే ఉంటారు. మూడు పులులు, పదిహేను మేకలు. పులి మేక మీదుగా దూకాలంటే ఆ గీత మీద మేక వెనక చోటు ఖాళీగా ఉండాలి. వెనక ఇంకో మేక ఉందా, పులి ఏమీ చేయలేదు. మేకకు బలం దాని కొమ్ముల్లో లేదు, అది నిలబడిన చోటులో ఉంది.

బొమ్మల యుద్ధంలో దళాలను నిలబెట్టే సూత్రాలూ ఇంచుమించు ఇవే. కొన్ని చూద్దాం.

ఎత్తు మీద ఉంటే దూరం కనిపిస్తుంది. కానీ కొండ శిఖరం మీద నిలబడితే మీరూ ఆకాశం ముందు బొమ్మలా అందరికీ కనిపిస్తారు. అందుకే శిఖరానికి కాస్త ఇవతల, తల మాత్రమే పైకి కనిపించేలా ఉండాలి. ట్యాంకులు గట్టు వెనక శరీరం దాచి ఫిరంగి మాత్రమే బయట పెట్టేది ఇందుకే.

ఇద్దరిని పక్కపక్కన నిలబెడితే ఇద్దరికీ ఒకే దృశ్యం కనిపిస్తుంది. ఇద్దరి మధ్య దూరం ఉండి, ఇద్దరి చూపులూ ఒక చోట కలిస్తే ఆ చోటు శత్రువుకు ఉచ్చు అవుతుంది. అలాగని మరీ దూరం చేస్తే ఒకరికొకరు సాయం రాలేరు. అందుకే చాలా ఆటల్లో ఒక దళంలోని బొమ్మలు ఇన్ని అంగుళాలకు మించి విడిపోకూడదన్న నియమం ఉంటుంది.

ఇక చివరిది. కాల్చేవాడికే కనిపించాలని లేదు, తన పక్షంలో ఇంకెవరికైనా కనిపిస్తే చాలు. కొండ అవతలున్న లక్ష్యాన్ని శతఘ్ని ఇలాగే కొడుతుంది. ముందున్న పరిశీలకుడు చూసి దూరం, దిశ చెబుతాడు. వెనకున్న తోపు పేలుతుంది. గోల్కొండలోని ఆర్టిలరీ సెంటర్ పేరు విన్నప్పుడు ఈ సూత్రం గుర్తు చేసుకోండి. అక్కడ శిక్షణ పొందే దళానికి చూసే కన్ను ఒక చోట, కాల్చే చెయ్యి ఒక చోట.

తెర చాటు నుంచి చూసిన యుద్ధం

ఆట నిజంగా యుద్ధాన్ని మార్చగలదా? రెండో ప్రపంచ యుద్ధంలో మార్చింది. 1942లో అట్లాంటిక్‌లో బ్రిటన్ సరకు ఓడలను జర్మన్ జలాంతర్గాములు వరసగా ముంచుతున్నాయి. అప్పుడు లివర్‌పూల్‌లో గిల్బర్ట్ రాబర్ట్స్ అనే నౌకాదళ అధికారి ఆధ్వర్యంలో ఒక చిన్న విభాగం ఏర్పాటైంది. అందులో ఎక్కువ మంది యువతులే, నౌకాదళ మహిళా విభాగం నుంచి వచ్చినవారు. కొందరికి ఇరవై ఏళ్లు కూడా నిండలేదు.

వాళ్లు గది నేలనే సముద్రం చేశారు. నేల మీద చిన్న చిన్న ఓడ బొమ్మలు పెట్టారు. చుట్టూ గుడ్డ తెరలు కట్టి, వాటికి సందులు పెట్టారు. కెప్టెన్‌గా ఆడే అధికారి ఆ సందులోంచే చూడాలి. నిజంగా ఓడ మీద ఉంటే ఎంత కనిపిస్తుందో అంతే కనిపించాలి. మొత్తం నేలను పై నుంచి చూసే అవకాశం ఇవ్వలేదు.

ఈ ఆట ఆడుతుంటేనే ఒక సంగతి బయటపడింది. జలాంతర్గాములు బయటి నుంచి కాదు, రాత్రి పూట ఓడల వరసల మధ్యలోకే దూరి కాలుస్తున్నాయి. కాపలా ఓడలు మాత్రం బయటి వైపు వెతుకుతున్నాయి! దానికి విరుగుడుగా ‘రాస్ప్‌బెర్రీ’ పేరుతో కొత్త ఎత్తు తయారు చేసి, వందల మంది కెప్టెన్లకు నేర్పారు. అనుభవం పండిన నావికులు సముద్రం మీద పట్టుకోలేని సంగతిని గది నేల మీద ఆట పట్టుకుంది. కారణం ఆ తెరలే. ఎదుటివాడికి ఏం కనిపిస్తుందో, ఏం కనిపించదో అవి సరిగ్గా కొలిచాయి.

మన దగ్గర కూడా సైన్యం ఈ దిశగా అడుగులు వేస్తోంది. 2022 మేలో సైన్యం శిక్షణ కమాండ్, గాంధీనగర్‌లోని రాష్ట్రీయ రక్షా విశ్వవిద్యాలయంతో వార్‌గేమ్ పరిశోధన, అభివృద్ధి కేంద్రం కోసం ఒప్పందం చేసుకుంది. సికింద్రాబాద్‌లోని కాలేజ్ ఆఫ్ ఎయిర్ వార్‌ఫేర్, కాలేజ్ ఆఫ్ డిఫెన్స్ మేనేజ్‌మెంట్ లాంటి సంస్థల్లో త్రివిధ దళాల అధికారులకు ఉన్నత శిక్షణ ఇస్తారు. ఈ పేర్లు కరెంట్ అఫైర్స్ నోట్స్‌లో ఉండాల్సినవే.

డ్రోన్ తక్కువ ఎత్తులో ఎందుకు వస్తుంది?

ఇప్పుడు వార్తల్లోకి వద్దాం. పహల్గాం దాడి జరిగింది 2025 ఏప్రిల్ 22న. దానికి ప్రతిగా మే 7న ఆపరేషన్ సిందూర్ మొదలైంది. ఆ తర్వాతి రోజుల్లో సరిహద్దు దాటి వచ్చిన డ్రోన్లను మన గగనతల రక్షణ వ్యవస్థలు ఎదుర్కొన్నాయి. ఆకాశ్ క్షిపణి, ఆకాశ్‌తీర్ పేర్లు అప్పుడు మార్మోగాయి. ఆకాశ్‌ను తయారు చేసేది మన హైదరాబాద్‌లోని భారత్ డైనమిక్స్ లిమిటెడ్. ఆకాశ్‌తీర్ క్షిపణి కాదు. రాడార్లు, సెన్సర్లు చూసినదాన్నంతా కలిపి ఒకే చిత్రంగా ఇచ్చే వ్యవస్థ అది, భారత్ ఎలక్ట్రానిక్స్ లిమిటెడ్ తయారు చేసింది. పరీక్షలో ఈ రెండింటినీ కలిపి తికమక పెట్టే ప్రశ్న రావచ్చు.

రాడార్ ఒక్కటి చాలదా, ఇన్ని ఎందుకు? దృష్టిరేఖే కారణం. భూమి గుండ్రంగా ఉంది. రాడార్ కిరణం దాదాపు నిటారుగా వెళుతుంది, కొద్దిగా మాత్రమే వంగుతుంది. అందుకని రాడార్‌కూ ఒక దిగంతం ఉంటుంది. లెక్క సులువే. రాడార్ ఎత్తు, విమానం ఎత్తు మీటర్లలో తీసుకుని రెండింటి వర్గమూలాలు కలపండి. వచ్చినదాన్ని 4.12తో గుణించండి. జవాబు కిలోమీటర్లలో వస్తుంది.

25 మీటర్ల ఎత్తున్న రాడార్‌ను తీసుకుందాం. 10,000 మీటర్ల ఎత్తులో వచ్చే విమానం దానికి దాదాపు 430 కిలోమీటర్ల దూరం నుంచే కనిపించగలదు. అదే 100 మీటర్ల ఎత్తులో వచ్చే డ్రోన్ అయితే సుమారు 62 కిలోమీటర్ల లోపుకు వస్తేనే. మధ్యలో కొండ ఉంటే ఇంకా తక్కువ. ఇక్కడ బలహీనత యంత్రానిది కాదు, అది నిలబడిన చోటుది. అందుకే ఒక్క పెద్ద కన్ను బదులు అనేక చిన్న కళ్లు, వాటిని కలిపే వ్యవస్థ కావాలి. అందుకే కొన్ని రాడార్లను విమానంలో పెట్టి పైకి పంపుతారు. బల్ల మీది ఆటలో పరిశీలకుడిని కొండెక్కించినట్టే.

దామగుండం: చూపు అక్కర్లేని తరంగం

చిన్న మంగళారం దగ్గరున్న మనం బీజాపూర్ రోడ్డు పట్టుకుని ముందుకు వెళదాం. చేవెళ్ల దాటి మన్నెగూడ వస్తుంది. అక్కడ వికారాబాద్ జిల్లా పూడూరు మండలం. ఆ మండలంలోని దామగుండం అడవిలో నౌకాదళ కేంద్రానికి 2024 అక్టోబరు 15న రక్షణ మంత్రి రాజ్‌నాథ్ సింగ్ శంకుస్థాపన చేశారు. ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి హాజరయ్యారు. దాదాపు 2,900 ఎకరాలు, సుమారు రూ.3,200 కోట్లు.

చాలామంది దీన్ని ‘రాడార్ స్టేషన్’ అంటారు. వార్తల్లోనూ ఆ మాటే స్థిరపడింది. నిజానికి ఇది రాడార్ కాదు. వెరీ లో ఫ్రీక్వెన్సీ, అంటే వీఎల్‌ఎఫ్ సమాచార కేంద్రం. తేడా ఏమిటి? రాడార్ వెతుకుతుంది, దానికి దృష్టిరేఖ కావాలి. వీఎల్‌ఎఫ్ కేంద్రం సందేశం పంపుతుంది, దానికి దృష్టిరేఖ అక్కర్లేదు.

వీఎల్‌ఎఫ్ అంటే 3 నుంచి 30 కిలోహెర్ట్జ్ పౌనఃపున్యం. తరంగదైర్ఘ్యం 10 నుంచి 100 కిలోమీటర్లు! ఇంత పొడవైన తరంగానికి కొండ ఒక లెక్క కాదు. భూమి ఉపరితలానికీ, అయనావరణానికీ మధ్య సొరంగంలో వెళ్లినట్టు వేల కిలోమీటర్లు వెళుతుంది. మామూలు రేడియో తరంగాన్ని ఉప్పునీరు వెంటనే మింగేస్తుంది. వీఎల్‌ఎఫ్ మాత్రం కొన్ని మీటర్ల నుంచి పదుల మీటర్ల లోతు దాకా దిగుతుంది. అంటే జలాంతర్గామి పైకి తేలి తన ఉనికి బయటపెట్టుకోకుండానే సందేశం అందుకోవచ్చు. బల్ల మీది భాషలో చెప్పాలంటే.. చాటు వదలకుండానే ఆజ్ఞ అందుకునే బొమ్మ.

మరి సముద్రానికి ఇంత దూరంలో ఎందుకు? తరంగం వేల కిలోమీటర్లు వెళుతుంది కాబట్టి తీరంలోనే ఉండాలని లేదు. ఇంత స్థలం ఎందుకు? తరంగదైర్ఘ్యం పొడవు కాబట్టి యాంటెన్నాలు కూడా భారీగా ఉండాలి. లోపాలూ ఉన్నాయి. పంపగలిగే సమాచారం చాలా తక్కువ, మాటలు పంపడం కుదరదు. జలాంతర్గామి తిరిగి జవాబు పంపలేదు, వినడమే. దేశంలో ఇలాంటి మొదటి కేంద్రం తమిళనాడు తిరునెల్వేలి జిల్లాలోని ఐఎన్‌ఎస్ కట్టబొమ్మన్, 1990 నుంచి పనిచేస్తోంది. దామగుండం రెండోది.

ఒకే అడవి, నాలుగు చూపులు

ఇంతవరకూ చదివి ‘అయితే కట్టాల్సిందే’ అనేశారా? ఆగండి. ఇప్పటిదాకా మనం చూసింది ఒక్క కంటితోనే, నౌకాదళం కంటితో. బల్ల చుట్టూ తిరిగి, వంగి, మిగిలిన చోట్ల నుంచి కూడా చూడాలి.

మూసీ పుట్టేది అనంతగిరి కొండల్లో. ఆ నీరు గండిపేటకు చేరుతుంది. పర్యావరణవేత్తల చూపు అక్కడి నుంచి. అడవి పోతే వాన నీరు ఇంకే తీరు మారుతుందని, నదికి దెబ్బ అని వారి ఆందోళన. ఎన్ని చెట్లు పోతాయన్న లెక్క ఒక్కొక్కరిది ఒక్కోలా ఉంది. ఈ విషయం హైకోర్టు దాకా వెళ్లింది.

చుట్టుపక్కల ఊళ్లవారి చూపు ఇంకోటి. పశువులు మేపుకునే చోటు, అడవిలోని రామలింగేశ్వర స్వామి గుడికి దారి, తరంగాల వల్ల ఆరోగ్యానికి ఏమవుతుందోనన్న భయం. గుడికి భక్తులను వెళ్లనిస్తామని, తిరునెల్వేలిలో మూడు దశాబ్దాలుగా ఇలాంటి కేంద్రం నడుస్తోందని ప్రభుత్వం వైపు సమాధానం.

నగరంలో ఉండేవాడి చూపు నాలుగోది. కుళాయి తిప్పితే నీళ్లొస్తాయి, దేశం భద్రంగా ఉంటుంది. అతనికి అడవి కనిపించదు, జలాంతర్గామీ కనిపించదు.

ఈ నాలుగింటిలో ఏ ఒక్కటీ అబద్ధం కాదు. అలాగని అన్నీ ఒప్పేనని తేల్చి పక్కకు తప్పుకోవడమూ విశ్లేషణ కాదు. నా అంచనా చెబుతాను. జలాంతర్గాములకు సందేశం పంపే కేంద్రం దేశానికి రెండోది అవసరమే. ఒక్కటే ఉంటే అది దెబ్బతిన్న రోజు సముద్రం అడుగున ఉన్నవారికి ఆజ్ఞ అందదు. కానీ అవసరం నిజమైనంత మాత్రాన లెక్క చెప్పనక్కర్లేదని కాదు. ఎన్ని చెట్లు కొట్టారు, బదులు ఎక్కడ ఎన్ని నాటారు, ఎన్ని బతికాయి, వాగుల్లో నీరు ఎలా ఉంది.. ఇవి రహస్యాలు కావు. ఏటా ఊరివాళ్ల ముందు పెట్టదగ్గ అంకెలే. ఆట మధ్యలో నియమం మారిస్తే ఎవరు నమ్ముతారు? ముందు చెప్పిన మాట ప్రకారం కొలవడమే నమ్మకం. గ్రూప్-1 వ్యాసంలో గానీ, ఇంటర్వ్యూలో గానీ ఈ అంశం వస్తే పక్షం తీసుకోవడానికి భయపడకండి. ముందు నాలుగు చూపులూ న్యాయంగా చెప్పి, ఆ తర్వాత తీసుకోండి.

మలుపు దగ్గర 120 మీటర్లు

అదే రోడ్డు మీద ఇంకో దృష్టిరేఖ ఉంది. మర్రిచెట్ల వరసలకు పేరుపడ్డ రోడ్డు ఇది. అప్పా జంక్షన్ నుంచి మన్నెగూడ దాకా 46 కిలోమీటర్ల విస్తరణ, మర్రిచెట్ల పరిరక్షణ కేసు వల్ల ఏళ్ల తరబడి వార్తల్లో నానింది. 2025 నవంబరు 3న చేవెళ్ల మండలం మీర్జాగూడ దగ్గర కంకర టిప్పర్, ఆర్టీసీ బస్సు ఢీకొని 19 మంది చనిపోయారు. తాండూరు వైపు నుంచి నగరానికి వస్తున్నవారు, వారిలో విద్యార్థులూ ఉన్నారు. ఆ ప్రమాదానికి కారణం ఇదని తేల్చడం ఇక్కడ మన పని కాదు. రోడ్డు రూపకల్పనలో ఉండే ఒక సూత్రం మాత్రం తెలుసుకుందాం.

సివిల్ ఇంజినీరింగ్ విద్యార్థులకు స్టాపింగ్ సైట్ డిస్టెన్స్ తెలుసు. అడ్డం కనిపించాక బండి ఆగడానికి కావలసిన దూరం అది. డ్రైవర్ కన్ను నేల నుంచి 1.2 మీటర్ల ఎత్తులో ఉందని, అడ్డం 0.15 మీటర్ల ఎత్తుందని ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ ప్రమాణాలు లెక్కిస్తాయి. చూశారా, బొమ్మ కంటి మట్టం నుంచి చూడటమే! మెదడు స్పందించడానికి 2.5 సెకన్లు. గంటకు 80 కిలోమీటర్ల వేగంలో ఆ కాస్త సమయంలోనే బండి 55 మీటర్లు వెళ్లిపోతుంది. ఇంకా బ్రేక్ మీద కాలే పడలేదు. మొత్తం కలిపి ఆ వేగానికి 120 మీటర్లు, 100 కిలోమీటర్ల వేగానికి 180 మీటర్లు కావాలి. అంత దూరం కనిపించని మలుపులో అంత వేగంగా వెళ్లేవాడు, ఎంత బాగా నడిపేవాడైనా, కనిపించని చోటికి తోసిన బొమ్మలాంటివాడే.

ఎస్‌ఎస్‌బీలో మీ ముందు పెట్టేదీ బల్లే

ఎన్‌డీఏ, సీడీఎస్ రాసేవారు శ్రద్ధగా చదవాల్సిన భాగం ఇది. రాతపరీక్ష దాటాక ఎస్‌ఎస్‌బీ ఉంటుంది. అందులో గ్రూప్ టెస్టింగ్ ఆఫీసర్ నిర్వహించే పరీక్షల్లో గ్రూప్ ప్లానింగ్ ఎక్సర్‌సైజ్ ఒకటి. ఒక నమూనా చూపిస్తారు.. ఊరు, రోడ్డు, నది, వంతెన, అడవి. ఒక కథ చెబుతారు. ఒకేసారి నాలుగైదు సమస్యలు. మీరు ముందు ఒంటరిగా పరిష్కారం రాయాలి, తర్వాత బృందంతో చర్చించి ఒక్క పథకానికి రావాలి.

మన ప్రాంతంతోనే ఒక నమూనా కల్పించుకుందాం. మీరు ఎనిమిది మంది స్నేహితులు, ఒక జీపు, ఒక బైకు. సాయంత్రం చీకటి పడుతుండగా ఊరి దగ్గర ఆగారు. మూడు సంగతులు తెలిశాయి. ఒకటి, పొలంలో రైతును పాము కరిచింది. రెండు, చెరువు కట్ట కోసుకుపోతోంది, దిగువన కూలీల గుడిసెలున్నాయి. మూడు, మొయినాబాద్ వైపు మలుపు అవతల పెద్ద మర్రి కొమ్మ రోడ్డుకు అడ్డంగా పడింది.

చాలామంది ఎనిమిది మందినీ పాము కరిచిన రైతు దగ్గరికే పంపుతారు. ప్రాణం ముఖ్యం కదా అంటారు. కానీ ఆయన్ని జీపులో చేవెళ్ల ఆసుపత్రికి చేర్చడానికి ఇద్దరు చాలు. ఒకరు నడపాలి, ఒకరు ఆయన కదలకుండా పట్టుకుని ఆసుపత్రికి ముందే ఫోన్ చేయాలి. బైకు మీద ఇద్దరు గుడిసెల దగ్గరికి వెళ్లి అందరినీ మిట్టకు చేర్చాలి, సర్పంచ్‌కు కబురు పెట్టాలి. మిగిలిన నలుగురు కొమ్మ దగ్గర. నలుగురూ కొమ్మ లాగుతూ కూర్చుంటే? వచ్చే లారీకి వాళ్లు కనిపించరు! అందుకే ఇద్దరు లాగాలి. ఇద్దరు ఫోన్ లైట్లు వెలిగించి చెరో వైపు కనీసం 120 మీటర్లు, అంటే దాదాపు 160 అంగలు ముందుకు వెళ్లి నిలబడాలి. ఒకరు మలుపు ఇవతలే ఆగకూడదు, మలుపు దాటి నిలబడాలి. అక్కడ ఉంటేనే డ్రైవర్ చూపులో పడతారు.

ఈ చివరి మాట చెప్పే అభ్యర్థి తక్కువ. ఎందుకంటే నమూనాను అందరూ పై నుంచి చూస్తారు. డ్రైవర్ సీటులో కూర్చుని చూసినవాడికే అది తడుతుంది.

ఇంట్లో మొదలుపెట్టండి.. ఖర్చు లేకుండా

విదేశీ బొమ్మల ధరలు చూసి వెనక్కి తగ్గనక్కర్లేదు. భోజనాల బల్ల మీద దుప్పటి పరవండి, కింద పుస్తకాలు పెడితే కొండలు. అగ్గిపెట్టెలు ఇళ్లు. సీసా మూతలు సైనికులు, ఒక్కో పక్షానికి ఆరు. ఒక ఎత్తుకు 6 అంగుళాలు జరగవచ్చు, 12 అంగుళాల దాకా కాల్చవచ్చు. దారం లాగి చూడండి. ఏమీ అడ్డు లేకుంటే పాచికలో 3 పైన పడితే దెబ్బ, చాటు ఉంటే 5 పైన. తమ్ముడితోనో, చెల్లితోనో నాలుగు ఆటలు ఆడండి. మూడో ఆటకల్లా మీరే బల్ల ముందు వంగి చూడటం మొదలుపెడతారు.

తర్వాతి మెట్టు కంప్యూటర్ మీద. ఇస్రో భువన్ పోర్టల్‌లో కార్టోడెమ్ అనే ఎత్తుల సమాచారం ఉచితంగా దొరుకుతుంది. దాన్ని ఉచిత సాఫ్ట్‌వేర్ క్యూజీఐఎస్‌లో తెరిచి వ్యూషెడ్ అనే పని చేయించండి. మీ ఊరి గట్టు మీద ఒక చుక్క పెడితే, అక్కడి నుంచి ఏది కనిపిస్తుందో ఏది కనిపించదో రంగుల్లో చూపిస్తుంది. సెల్ టవర్ ఎక్కడ పెట్టాలి, అడవిలో మంటలు చూసే మంచె ఎక్కడ కట్టాలి.. ఇలాంటి పనులకు ఇదే పద్ధతి.

ఈ నైపుణ్యానికి మన దగ్గరే చోట్లున్నాయి. హైదరాబాద్‌లో నేషనల్ రిమోట్ సెన్సింగ్ సెంటర్ ఉంది, ఉప్పల్‌లో సర్వే ఆఫ్ ఇండియా శిక్షణ సంస్థ ఉంది. రక్షణ ప్రయోగశాలలు, భారత్ డైనమిక్స్ ఉన్నాయి. సివిల్ చదివినవారికి రోడ్డు డిజైన్, ఎలక్ట్రానిక్స్ వారికి రాడార్, సమాచార వ్యవస్థలు, జాగ్రఫీ వారికి జీఐఎస్, కంప్యూటర్ సైన్స్ వారికి సిమ్యులేషన్, గేమ్ డిజైన్. సబ్జెక్టులు వేరు, ప్రశ్న ఒక్కటే.. ఎక్కడి నుంచి ఏం కనిపిస్తుంది?

ఈ ఆదివారం ఒక పని చేయండి. మీ ఊళ్లో మీకు బాగా తెలిసిన మలుపు దగ్గరికి వెళ్లండి. రోడ్డు పక్కన, బండ్లకు దూరంగా నిలబడి, ఎంత దూరం కనిపిస్తుందో అంగలతో కొలవండి. 160 అంగల కంటే తక్కువైతే ఫొటో తీసి, అంకె రాసి, పంచాయతీకో, రోడ్లు భవనాల శాఖకో ఒక అర్జీ పెట్టండి. ఒక పొద కొట్టేస్తే, ఒక హెచ్చరిక బోర్డు పెడితే సరిపోయే చోట్లు ఎన్నో ఉంటాయి. రేపు ఇంటర్వ్యూలో ‘మీ ఊరికి మీరేం చేశారు’ అని అడిగితే చెప్పడానికి మీ దగ్గర ఒక అంకె ఉంటుంది.